రెండో ప్రపంచ యుద్ధం మన గోదావరి డెల్టాలో ఏం మిగిల్చింది? తరచుగా అడిగే ప్రశ్నలు

యుద్ధకాలం గురించి డెల్టా ఊళ్ళలో మాట్లాడటం మొదలుపెడితే మొదటి మాట ఎప్పుడూ ఒకటే: "అది మన యుద్ధం కాదు కదండీ." పది నిమిషాలు కూర్చుంటే మాత్రం ఒకరి తాత జైలుకి వెళ్ళాడని తెలుస్తుంది. ఇంకొకరి పెదతాత పట్టాళంలో చేరాడని, పక్కింటావిడ అత్తగారు రంగం (బర్మాలోని రంగూన్) నుంచి నడిచి వచ్చిందని బయటపడుతుంది. ఆ యుద్ధం మన ఊళ్ళను ఎలా చీల్చిందో, ఆ చీలిక ఎక్కడెక్కడ ఇంకా కనిపిస్తుందో అడిగేవాళ్ళ కోసం ఈ జవాబులు.

ఎక్కడో జరిగిన యుద్ధానికీ మన డెల్టాకీ ఏమిటి సంబంధం?

1939 సెప్టెంబరు 3న వైస్రాయ్ లిన్‌లిత్‌గో ఇక్కడి నాయకుల్లో ఒక్కరినీ సంప్రదించకుండా భారతదేశం యుద్ధంలో దిగినట్టు ప్రకటించాడు. తూర్పు, పశ్చిమ గోదావరి జిల్లాలు అప్పుడు మద్రాసు ప్రెసిడెన్సీలో ఉండేవి. మద్రాసులో రాజాజీ నాయకత్వంలోని కాంగ్రెస్ మంత్రివర్గం ఆ అక్టోబరులోనే రాజీనామా చేసింది. పాలన గవర్నరు చేతికి వెళ్ళింది. అక్కడి నుంచి యుద్ధం కరణం, మునసబుల ద్వారా ఊళ్ళోకి వచ్చింది. యుద్ధ నిధికి చందాలు, పట్టాళంలోకి కుర్రాళ్ళు, తర్వాత ధాన్యం లెవీ (సర్కారుకు తప్పనిసరిగా ఇవ్వాల్సిన ధాన్యం).

డెల్టా మధ్యలో ఫ్రెంచివాళ్ళ ఏలుబడిలో ఉన్న యానాం కూడా తప్పించుకోలేదు. 1940లో ఫ్రాన్స్ జర్మనీకి లొంగిపోయాక, ఫ్రెంచి ఇండియా గవర్నరు బొన్వాఁ, లొంగకుండా పోరాడుతున్న జనరల్ ద గాల్ పక్షం చేరాడు. అంటే గోదావరి ఒడ్డున ఉన్న ఆ చిన్న ఊరు కూడా ఫ్రాన్స్‌లో అన్నదమ్ములు కొట్టుకుంటున్న గొడవలో ఒక వైపు నిలబడాల్సి వచ్చింది.

మన ఊళ్ళలో ఎవరెవరు ఏ వైపు ఉన్నారు?

కాంగ్రెస్ ఒక వైపు, బ్రిటిషువాళ్ళు ఒక వైపు అని బడిలో చదువుకున్నాం. నేల మీద అంత సూటిగా లేదు.

కాంగ్రెస్ 1940లో వ్యక్తి సత్యాగ్రహంతో మొదలుపెట్టి 1942 ఆగస్టు నాటికి క్విట్ ఇండియా దాకా వెళ్ళింది. కాంగ్రెస్‌లోనే రాజాజీ ఆ ఉద్యమాన్ని వ్యతిరేకించి, అంతకు నెల ముందే పార్టీ నుంచి తప్పుకున్నాడు. కమ్యూనిస్టులు 1939లో ఇది సామ్రాజ్యవాద యుద్ధం అన్నారు. 1941 జూన్‌లో హిట్లర్ సోవియట్ రష్యా మీద దాడి చేశాక, ఆ ఏడాది చివరికల్లా ఇది ప్రజాయుద్ధం అన్నారు. రాడికల్ డెమోక్రటిక్ పార్టీ పెట్టిన ఎం.ఎన్. రాయ్ అనుయాయులు మొదటి నుంచీ ఫాసిజాన్ని ఓడించడమే ముఖ్యమని వాదించారు. అంబేద్కర్ 1942లో వైస్రాయ్ కౌన్సిల్‌లో కార్మిక శాఖ సభ్యుడయ్యారు. పట్టాళం తలుపులు దళితులకు తెరవాలని ఆయన పట్టుబట్టారు, 1941లో మహర్ రెజిమెంట్ ఏర్పడింది. ఇక సింగపూర్ పడిపోయాక ఆజాద్ హింద్ ఫౌజ్.

ఇన్ని వైపుల మనుషులు ఒకే వీధిలో ఉన్నారు, ఒకే కాలవ నీళ్ళు తోడుకున్నారు. పెళ్ళి పిలుపులు ఆగిపోయిన ఇళ్ళున్నాయి. ఎవరు ఏ పత్రిక చదువుతున్నారో చూసి మాట కలపాలో వద్దో తేల్చుకున్నవాళ్ళున్నారు.

క్విట్ ఇండియాలో డెల్టా పాత్ర ఎంత?

చాలా ఉంది. కోనసీమలోని ముక్తేశ్వరానికి చెందిన కళా వెంకటరావు గారు అప్పటి ఆంధ్ర రాష్ట్ర కాంగ్రెస్ కార్యదర్శి. ఉద్యమం ఏ దశలో ఏం చేయాలో చెప్పే రహస్య సర్క్యులర్ ఆయన పేరుతోనే బయటికి వచ్చింది. దాన్నే కర్నూలు సర్క్యులర్ అంటారు. టెలిగ్రాఫు తీగలు తెంపవచ్చని అందులో ఉంది, పట్టాలు మాత్రం పీకకూడదని, ప్రాణాలకు ముప్పు రాకుండా చూసుకోవాలని కూడా ఉంది. ఆ రెండో భాగం ఎవరూ గుర్తు చేయరు. ఉద్యమాన్ని హింసగా చూపించడానికి బ్రిటిషు ప్రభుత్వం మొదటి భాగాన్నే దేశమంతా చాటింది.

ఆ ఆగస్టులో భీమవరంలో పోలీసులు జనం మీద కాల్పులు జరిపారు. ప్రాణాలు పోయాయి. తర్వాత అరెస్టులు, సామూహిక జరిమానాలు. ఈ జరిమానాల్లో ఒక విషం ఉంది. తీగ తెంపినవాడు ఒకడైతే డబ్బు ఊరంతా కట్టాలి. కట్టినవాళ్ళు సర్కారు మీద కన్నా తీగ తెంపిన కుర్రాడి మీదే ఎక్కువ కోపం పెంచుకోవాలనే ఆ ఏర్పాటు చేశారు. కొన్ని చోట్ల అది పనిచేసింది కూడా.

కాకినాడ మీద నిజంగానే బాంబులు పడ్డాయా?

పడ్డాయి. 1942 ఏప్రిల్ 6న జపాన్ విమానాలు విశాఖపట్నం మీద, కాకినాడ మీద దాడి చేశాయి. ముందు రోజే కొలంబో మీద పడ్డాయి. బంగాళాఖాతంలో సరుకు ఓడలు వరుసగా మునిగిపోతున్న రోజులవి. నష్టం కన్నా భయం పెద్దది. తీరం ఊళ్ళ నుంచి జనం మూటాముల్లె సర్దుకుని ఎడ్లబళ్ళ మీద లోపలి పల్లెలకు చేరారు. పుట్టిన తేదీ రాసిపెట్టుకోని ఇళ్ళలో "బాంబులు పడ్డ ఏడు పుట్టాడు" అని లెక్క చెప్పిన పెద్దవాళ్ళను నేను విన్నాను.

రంగం నుంచి తిరిగొచ్చినవాళ్ళు ఎవరు? వాళ్ళ గురించి ఎందుకు ఎక్కడా రాయలేదు?

ఈ ప్రశ్నకి కాస్త పెద్ద జవాబే చెప్పాలి. యుద్ధం మన డెల్టాకు చేసిన అతి పెద్ద గాయం ఇదేనని నా నమ్మకం.

రంగం అంటే రంగూన్. గోదావరి సముద్రంలో కలిసే చోట ఉన్న కోరంగి ఒకప్పుడు పెద్ద రేవు. అక్కడి నుంచి ఎంతమంది వెళ్ళారంటే, బర్మాలో తెలుగువాళ్ళందరికీ కోరంగీలనే పేరు పడిపోయింది. కోరంగి తుపానులకు దెబ్బతిని మూలబడ్డాక కాకినాడ స్టీమర్లు నడిచాయి. కూలీలు మేస్త్రీ దగ్గర అడ్వాన్సు తీసుకుని ఓడ ఎక్కేవారు. బియ్యం మిల్లుల్లో, రేవులో బస్తాలు మోసేవారు, కోతల కాలంలో పొలాలకు వెళ్ళేవారు. కొంతమంది దుకాణాలు పెట్టారు, గుమాస్తాలయ్యారు. 1931 నాటికి బర్మాలో భారతీయులు 10 లక్షలు. రంగూన్ జనాభాలో సగానికి పైగా మనవాళ్ళే. కోనసీమ మండువా ఇళ్ళకు బర్మా టేకు దూలాలు, తలుపులు వచ్చింది ఆ రోజుల్లోనే.

అక్కడ అంతా సవ్యంగా ఏమీ లేదు. 1930 మేలో తెలుగు రేవు కూలీలు సమ్మె చేస్తే యజమానులు బర్మావాళ్ళను పనిలో పెట్టుకున్నారు. సమ్మె తీరాక వాళ్ళను వెళ్ళిపొమ్మన్నారు. దాంతో రేగిన అల్లర్లలో వంద మందికి పైగా చనిపోయారు, వాళ్ళలో ఎక్కువమంది మనవాళ్ళు. పేదవాణ్ణి పేదవాడి మీదకు ఉసిగొల్పి లాభపడినవాడు వేరే ఉన్నాడు.

1941 డిసెంబరు 23న రంగూన్ మీద బాంబులు పడ్డాయి. 1942 మార్చి 8న ఊరు జపాన్ చేతికి చిక్కింది. ఓడల్లో చోటు డబ్బున్నవాళ్ళకీ దొరలకీ. మిగిలినవాళ్ళు నడిచారు. కొందరు అరకాన్ కొండలు దాటి అక్యాబ్ మీదుగా చిట్టగాంగుకు, కొందరు చిండ్విన్ నది దాటి మణిపూర్‌కు. దారిలోనూ తెల్లవాళ్ళకొక బాట, నల్లవాళ్ళకొక బాట. నీళ్ళు, నీడ, బియ్యం ఉన్న బాట ఎవరిదో చెప్పక్కర్లేదు. నాలుగైదు లక్షల మంది అలా దేశం చేరారని అంచనా. కలరాతో, మలేరియాతో, ఆకలితో దారిలో పోయినవాళ్ళు వేలల్లో.

మా వీధిలో అలా వచ్చిన ఒక తాతగారు ఉండేవారు. ఆయన గుమ్మం పక్కన మేకుకి ఒక కొత్త తోలు చెప్పుల జత ఎప్పుడూ వేలాడుతుండేది. అవి తొడుక్కునేవారు కాదు. ఏడాదికోసారి వాటికి ఆముదం రాసి మళ్ళీ తగిలించేవారు. ఎందుకని అడిగితే "ఉండాలి" అనేవారు, అంతే. ఆ దారిలో వట్టి కాళ్ళతో నడిచిన సంగతి ఆయన పోయాక ఇంటివాళ్ళు చెప్పారు.

ఎందుకు రాయలేదంటే, వాళ్ళు ఏ కథలోనూ ఇమడలేదు. జైలుకి వెళ్ళలేదు, తుపాకీ పట్టలేదు. డబ్బు సంపాదించుకోవడానికి పోయి అన్నీ పోగొట్టుకుని వచ్చారు. ఊరివాళ్ళు జాలిపడ్డారు, కొంచెం వేళాకోళమూ చేశారు. 1962లో బర్మాలో సైనిక పాలన వచ్చాక రెండో విడత తిరిగొచ్చినవాళ్ళకు కనీసం సర్కారు కాలనీలు కట్టింది. విశాఖలో బర్మా క్యాంపు అలా వచ్చిందే. 1942లో నడిచి వచ్చినవాళ్ళకు మాత్రం బంధువుల అరుగులే దిక్కయ్యాయి.

కమ్యూనిస్టులు బ్రిటిషువాళ్ళకు అమ్ముడుపోయారని మా ఇంట్లో అనేవారు. నిజమా?

అమ్ముడుపోయారనడం అన్యాయం. 1940లో యుద్ధాన్ని వ్యతిరేకించినందుకు వాళ్ళూ జైళ్ళలో మగ్గారు. 1942 జూలైలో పార్టీ మీద నిషేధం తొలగింది, సరిగ్గా మరుసటి నెలలో మిగతా దేశం జైలుకి వెళ్ళింది. ఊళ్ళో జనానికి కనిపించింది ఆ వరస. ఒకరి కొడుకు రాజమండ్రి సెంట్రల్ జైలులో ఉంటే, పక్కింటి కొడుకు బజారులో సభ పెట్టి సమ్మెలు వద్దు, పంట పెంచండి అంటున్నాడు. ఆ తల్లికి రష్యాలోని స్టాలిన్‌గ్రాడ్ పోరు గురించి ఎంత చెప్పినా ఏం లాభం?

ఫాసిజం గురించి వాళ్ళ అంచనా సరైనదే, ఆగస్టు 1942లో జనం గుండెలో ఏముందో చదవడంలో తప్పారు అని నా అభిప్రాయం. 1945లో కాంగ్రెస్‌తో తెగతెంపులయ్యాయి. డెల్టాలో ఆ రెండు పార్టీల మధ్య తర్వాత దశాబ్దాల పాటు సాగిన వైరంలో భూమి, కూలి రేట్లు ఎంత ఉన్నాయో ఈ 1942 కోపం కూడా అంత ఉంది.

బ్రిటిష్ పట్టాళంలో చేరినవాళ్ళను ఎలా చూడాలి?

తాడేపల్లిగూడెం దగ్గర మాధవరం ఉంది. అందరూ మిలిటరీ మాధవరం అంటారు. రెండో యుద్ధంలో తమ ఊరి నుంచి వెయ్యి మందికి పైగా వెళ్ళారని ఊరివాళ్ళు చెప్పుకుంటారు. ఇప్పటికీ ఇంటికొకరు సైన్యంలో ఉన్న ఊరది, అమరులకు స్మారకం కట్టుకుంది. అక్కడ ఆ చరిత్ర గర్వకారణం.

వేరే ఊళ్ళ నుంచి ఒకరిద్దరుగా వెళ్ళినవాళ్ళ సంగతి అలా లేదు. దేశంలో మొత్తం 25 లక్షల మంది చేరారు, 87,000 మందికి పైగా చనిపోయారు. బలవంతపు భర్తీ లేదు. కానీ 1930లలో ధరలు పడిపోయి అప్పుల్లో మునిగిన ఇంట్లో నాలుగో కొడుక్కి, భూమి లేని పేటలోని కుర్రాడికి నెల జీతం, రెండు పూటలా భోజనం, కాళ్ళకు బూట్లు అంటే అది ఎంత స్వేచ్ఛగా చేసుకున్న ఎంపికో ఆలోచించండి. వాళ్ళు ఇంఫాల్, కోహిమా దగ్గర జపాన్ సైన్యాన్ని ఆపారు. ఎదురుగా జపాన్‌తో కలిసి వస్తున్న ఆజాద్ హింద్ ఫౌజ్‌లోనూ మన దేశం కుర్రాళ్ళే. ఇందులో ఎవరినీ ద్రోహి అనడానికి నాకు నోరు రాదు.

వరి పండే డెల్టాలో జనం బియ్యానికి ఎందుకు ఇబ్బంది పడ్డారు?

యుద్ధానికి ముందు బర్మా నుంచి దేశంలోకి ఏటా 10 లక్షల టన్నులకు పైగా బియ్యం వచ్చేది. రంగూన్ పడిపోయిన రోజే అది ఆగిపోయింది. ఆ లోటు మన ధాన్యం మీద పడింది. ధరలు ఎగిశాయి, నిల్వలు దాక్కున్నాయి. 1943లో బెంగాల్‌లో 20 నుంచి 30 లక్షల మంది చనిపోయారని చరిత్రకారుల అంచనా. ఇక్కడ అలాంటి కరువు రాలేదు. కానీ పొలం పనికి గింజల కూలి బదులు డబ్బు కూలి తీసుకునేవాడు చితికిపోయాడు. అదే ధరతో పదెకరాల రైతు అప్పు తీర్చుకున్నాడు, ఇంకొంచెం పెద్దవాడు రైసు మిల్లు పెట్టాడు. డెల్టా డబ్బు తర్వాత కాలంలో సినిమాకు, కాలేజీలకు, కాంట్రాక్టులకు ప్రవహించిందంటే దాని ఊట కొంత ఆ యుద్ధకాలపు ధాన్యం ధరలో ఉంది. ఈ మాట అంటే కొందరికి నచ్చదు. దొంగ నిల్వలు చేసినవాళ్ళే అందరూ అని నేను అనడం లేదు. ధర ఎవరిని పైకి తీసుకెళ్ళిందో, ఎవరిని తొక్కిందో మాత్రం దాచకూడదు.

క్వినైన్ సంగతి వేరే చెప్పాలి. ప్రపంచానికి క్వినైన్ దాదాపు అంతా జావా నుంచి వచ్చేది. 1942లో జావా కూడా జపాన్ చేతికి పోయింది. మలేరియాతో మూలిగే మన్యానికి మందు లేకుండా పోయింది.

రేషన్ షాపుని మా అమ్మమ్మ "కంట్రోలు" అంటుంది. అదీ యుద్ధం వల్లేనా?

అవును. బియ్యం, కిరసనాయిలు, పంచదార, బట్ట అన్నీ కంట్రోలు కిందకు వచ్చింది ఆ రోజుల్లోనే. 1943లో బట్టకు కూడా కంట్రోల్ ఆర్డర్ వచ్చింది. యుద్ధం 1945లో అయిపోయినా మద్రాసు రాష్ట్రంలో బియ్యం కంట్రోలు 1952 జూన్‌లో రాజాజీ ఎత్తేసేదాకా నడిచింది. బ్లాకు, పర్మిట్, క్యూ మన వంటింటి మాటలైపోయాయి.

చిల్లు కాణీ అంటే?

లోహం యుద్ధానికి కావాలని 1943 నుంచి కాణీని మధ్యలో పెద్ద చిల్లుతో వేశారు. కంచుది, పలచన, వేలిగోరంత తేలిక. చిల్లు పైన చిన్న కిరీటం. రూపాయికి 64. పిల్లల మొలతాడుకి కట్టారు, వలలకు గుళ్ళుగా వేశారు. పాత డబ్బాలు వెతికితే మీ ఇంట్లోనూ ఒకటి ఉండొచ్చు.

కళల మీద ఏం ప్రభావం పడింది?

బుర్రకథ అనగానే మనకు గుర్తొచ్చే రూపం యుద్ధకాలంలో తయారైందే. అంతకుముందు జంగం కథగా వీరగాథలు, భక్తి కథలు చెప్పేవారు. 1943లో కమ్యూనిస్టుల కళాసంస్థ ప్రజానాట్యమండలి పుట్టాక ఆ కథ కొత్త పనికి వచ్చింది. మధ్యలో తంబురా పట్టుకుని కథకుడు, చేతి అందెలు మోగిస్తూ అడుగులు వేస్తాడు. ఒక పక్క హాస్యం చెప్పే వంత, ఇంకో పక్క రాజకీయం చెప్పే వంత, ఇద్దరి దగ్గరా గుమ్మెటలు. "తందాన తాన" మధ్యలో కథ ఆపి, నిన్న రేషన్ డిపోలో ఏం జరిగిందో, ఏ మిల్లులో బస్తాలు దాచారో అడిగెయ్యొచ్చు. గుంటూరు వైపు నుంచి వచ్చిన షేక్ నాజర్ గారు ఈ రూపానికి ప్రాణం పోశారు. డాక్టర్ గరికపాటి రాజారావు గారు మండలిని నడిపారు. ప్రజాయుద్ధం లైన్ నచ్చని కాంగ్రెస్ ఇళ్ళవాళ్ళు కూడా బుర్రకథకు చాప వేసుకుని వచ్చి కూర్చున్నారు. రాజకీయం విడగొట్టిన జనాన్ని రాత్రిపూట ఒక పందిరి కింద కూర్చోబెట్టిన ఘనత కళాకారులది. తర్వాత వచ్చిన ప్రభుత్వాలు కుటుంబ నియంత్రణ దాకా దేనికైనా అదే బుర్రకథను వాడుకున్నాయి.

కాగితం కొరతతో పత్రికలు పలచబడ్డాయి. ముడి ఫిల్ము కొరతతో సినిమాల నిడివి మీద 11,000 అడుగుల పరిమితి పెట్టారు.

ఆడవాళ్ళ జీవితం మారిందా?

మారింది. మగవాళ్ళు జైలులోనో, అజ్ఞాతంలోనో, పట్టాళంలోనో ఉంటే సాగు, అప్పు, కోర్టు కాగితం చూసింది వాళ్ళే. డిపో దగ్గర క్యూలో నిలబడి లెక్క అడిగింది వాళ్ళే. మగవాళ్ళు తిరిగొచ్చాక చాలామందిని మళ్ళీ వంటింట్లోకి పంపారు. స్వాతంత్ర్య సమరయోధుల జాబితాల్లో భర్త పేరు ఉంటుంది, ఆ మూడేళ్ళు పొలం నడిపిన మనిషి పేరు ఉండదు.

పింఛన్లు ఎవరికి వచ్చాయి?

1972లో, స్వాతంత్ర్యం వచ్చి 25 ఏళ్ళయిన సందర్భంగా, కేంద్రం సమరయోధులకు పింఛను మొదలుపెట్టింది, తామ్రపత్రాలు ఇచ్చింది. మామూలుగా కనీసం ఆరు నెలల జైలు ఉండాలి. ఆజాద్ హింద్ ఫౌజ్ వాళ్ళను కూడా చేర్చారు, అది న్యాయమే. బ్రిటిష్ పట్టాళంలో యుద్ధం కోసం చేరి 1946లో ఇంటికి పంపబడినవాళ్ళకు మాత్రం సైనిక పింఛనుకు కావలసిన సర్వీసు లేదు. రంగం నుంచి వచ్చినవాళ్ళు ఏ జాబితాలోనూ లేరు. ఒక ఊళ్ళో ఎవరి ఫోటో పంచాయతీ ఆఫీసు గోడ మీదకు ఎక్కింది, ఎవరిది ట్రంకు పెట్టె అడుగున ఉండిపోయింది అనేది చాలావరకు ఈ నిబంధనలే తేల్చాయి. జైలుకి వెళ్ళినవాళ్ళ త్యాగాన్ని తగ్గించమని అడగడం లేదు. మిగతా ఫోటోలు కూడా పైకి తీయమంటున్నాను.

మా ఇంట్లో ఎవరో పట్టాళంలో చనిపోయారని విన్నాం. వివరాలు ఎలా తెలుసుకోవాలి?

కామన్‌వెల్త్ వార్ గ్రేవ్స్ కమిషన్ వెబ్‌సైట్‌లో పేరుతో వెతకొచ్చు, డబ్బు కట్టనక్కర్లేదు. భారతీయ సైనికుల వివరాల్లో చాలాసార్లు తండ్రి పేరు, ఊరు, జిల్లా కూడా ఉంటాయి. ఇంగ్లీషు స్పెల్లింగ్ రకరకాలుగా ఉంటుంది కాబట్టి ఊరి పేరుతో కూడా ప్రయత్నించండి. శవం దొరకనివాళ్ళ పేర్లు రంగూన్ దగ్గర తౌక్యాన్‌లోని స్మారకం మీద చెక్కారు, అక్కడ దాదాపు 27,000 పేర్లున్నాయి. బతికి తిరిగొచ్చినవాళ్ళయితే డిశ్చార్జి కాగితం వెతకండి, అందులో నంబరు, రెజిమెంటు ఉంటాయి. జైలు, జరిమానా, పోలీసు రికార్డులు మద్రాసు ప్రెసిడెన్సీవి కాబట్టి చాలావరకు చెన్నై ఎగ్మూరులోని తమిళనాడు ఆర్కైవ్స్‌లో ఉన్నాయి.

రంగం కుటుంబాలకు అలాంటి రికార్డులేమీ లేవా?

చాలా తక్కువ. అందుకే ఇంట్లో ఉన్న ముసలివాళ్ళే రికార్డు. "యుద్ధం గురించి చెప్పు" అంటే ఎవరూ చెప్పరు. చిన్న ప్రశ్నలు అడగండి. ఏ నెలలో బయల్దేరారు? చేతిలో ఏం పట్టుకున్నారు? కొండ ఎక్కేటప్పుడు పక్కన ఎవరున్నారు? మన ఊరు చేరాక మొదట ఎవరింట్లో దిగారు? బర్మా మాటలు ఏమైనా గుర్తున్నాయా? ఫోన్‌లో రికార్డు చేయండి, తేదీ చెప్పి మొదలుపెట్టండి, ఊరి పేరు, ఇంటిపేరు పలికించండి. మధ్యలో వాళ్ళు ఆపేస్తే ఆపేయండి, ఇంకో రోజు వెళ్ళండి. 1942లో పదేళ్ళున్నవాళ్ళు ఇప్పుడు తొంభై దాటారు. ఈ పని వచ్చే సంక్రాంతికి అని వాయిదా వేయకండి.